గ్రీన్‌లాండ్ వైకింగుల మీద మోపిన నింద

గ్రీన్‌లాండ్‌లో కాపురం పెట్టిన వైకింగులు ఏమైపోయారని అడగండి. నాలుగు పుస్తకాలు తిరగేసినవాళ్లెవరైనా తడుముకోకుండా జవాబు చెబుతారు. నీళ్లనిండా చేపలుంటే వాళ్లు ముట్టలేదట. మంచుదేశంలో ఆవుల్ని మేపి తీరతామన్నారట. పక్కనే ఇన్యూట్ జనం సీల్ వేటతో బతుకుతుంటే, వాళ్ల దగ్గర నేర్చుకోవడం నామోషీ అనుకున్నారట. తినడానికి లేని రోజుల్లోనూ చర్చిల మీద ఖర్చు పెట్టారట. అలా మొండికేసి మొండికేసి చివరికి ఆకలితో చచ్చారట. వాతావరణ మార్పు మీద ఎవరు ప్రసంగించినా ఈ కథ హెచ్చరికగా వచ్చి నిలబడుతుంది: మారనివాళ్లకు ఇదే గతి, చూసుకోండి అని.

నేను ఈ కథని ఒప్పుకోను. ఇది ఎముకలు చెప్పే సాక్ష్యానికి విరుద్ధం. అంతకన్నా ఘోరం, తమ మాట తాము చెప్పుకోవడానికి మిగలని మనుషుల మీద వేసిన నింద.

ఈ కథని ప్రపంచమంతటికీ చేరవేసింది జారెడ్ డైమండ్ రాసిన ‘కొలాప్స్’. 2005లో వచ్చిన పుస్తకం. ఆయనకు న్యాయం చేస్తూనే మాట్లాడాలి. ఆయన ఒక్క కారణం చెప్పి ఊరుకోలేదు. చలి ముదరడం, మట్టి కొట్టుకుపోవడం, నార్వేతో వర్తకం సన్నగిల్లడం, ఇన్యూట్లతో పడకపోవడం, అన్నిటినీ లెక్కలోకి తీసుకున్నాడు. గ్రీన్‌లాండ్‌వాళ్లు సీల్ మాంసం తిన్నారని కూడా రాశాడు. అయినా ఆయన తీర్పు చివరికి వాళ్ల స్వభావం మీదికే వెళ్లింది. మేము యూరప్ రైతులం, క్రైస్తవులం అన్న పట్టుదల వదులుకోలేక తమ పతనాన్ని తామే ఎంచుకున్నారన్నాడు. పాఠకులకు మిగతా నాలుగు కారణాలు గుర్తులేవు. ముట్టని చేప మాత్రం గుర్తుండిపోయింది.

డైమండ్ ఆధారపడ్డ పరిశోధకుల్లో ముఖ్యుడు న్యూయార్క్‌కు చెందిన పురావస్తు శాస్త్రవేత్త థామస్ మెక్‌గవర్న్. గ్రీన్‌లాండ్ పెంటదిబ్బల్లో ఎముకలు ఏరి, కడిగి, లెక్కపెట్టిన మనిషి. ఆవులు, సీళ్లు, చర్చి గంటల గురించి 1980లో రాసిన వ్యాసంలో ఆయనా ఇలాగే వాదించాడు: అక్కడి పెద్దలు మారడానికి ఇష్టపడలేదు, అందుకే సమాజం చచ్చిపోయిందన్నాడు. ఆ తరవాత మూడు దశాబ్దాలు ఇంకా తవ్వారు, ఇంకా లెక్కపెట్టారు. 2012లో ఆండ్రూ డుగ్‌మోర్, మెక్‌గవర్న్ తదితరులు కలిసి రాసిన వ్యాసం దాదాపు ఎదురు దిక్కున నిలబడింది. గ్రీన్‌లాండ్‌వాళ్లు ఆ నేలకూ ఆ నీటికీ బాగానే అలవాటుపడ్డారు, అలవాటుపడి కూడా దెబ్బతిన్నారు అని దాని సారాంశం. ఎముకలు లెక్కపెట్టినవాళ్లు అభిప్రాయం మార్చుకున్నారు. పుస్తకం చదివినవాళ్లు మార్చుకోలేదు.

అసలు వీళ్లు అక్కడికి ఎలా చేరారో ముందు చూడాలి. హత్యల కేసులో ఐస్‌లాండ్ నుంచి 982లో వెలి పడిన ఎర్రజుట్టు ఎరిక్, ఆ మూడేళ్ల శిక్షాకాలాన్ని పడమట ఉన్న తీరాన్ని గాలించడానికి వాడుకున్నాడు. తూర్పు తీరమంతా మంచు గోడ. దాన్ని చుట్టి దక్షిణపు కొస దాటితే, నైరుతి దిక్కున సముద్రం భూమిలోకి లోతుగా చొచ్చుకెళ్లిన సన్నటి పాయలు, వాటి చివర్లలో గాలి తగలని పచ్చిక బయళ్లు. తిరిగొచ్చి, మంచి పేరు పెడితే జనం వస్తారని ఆ దేశాన్ని పచ్చనేల అని పిలిచాడని పన్నెండో శతాబ్దపు చరిత్రకారుడు ఆరీ రాశాడు. 985 ప్రాంతంలో 25 ఓడలు బయల్దేరితే చేరినవి 14 మాత్రమేనని ఐస్‌లాండ్ గాథలు చెబుతాయి. మిగిలినవి కొన్ని వెనక్కి తిరిగాయి, కొన్ని మునిగాయి.

ఆ ఓడలు సినిమాల్లో చూపించే పొడవాటి యుద్ధనౌకలు కావు. డెన్మార్క్‌లోని రోస్కిల్డె సముద్రపాయ నుంచి 1962లో బయటికి తీసిన ఓడల్లో ఒకటి అలాంటి సరుకు ఓడే. నార్వే పశ్చిమ తీరంలో కట్టింది, పొడవు 16 మీటర్లు, లోతైన కడుపు, ఇరవై టన్నులకు పైగా బరువు మోయగలదు. నడపడానికి అరడజను మంది చాలు. పైకప్పు లేని అలాంటి ఓడల్లో ఆవులు, గొర్రెలు, మేకలు, గుర్రాలు, ఎండుగడ్డి, మంచినీళ్లు, పసిపిల్లలు. దిక్సూచి లేదు. సూర్యుడు, నక్షత్రాలు, గాలి, అలల వరస, పక్షులు ఎగిరే దిక్కు, తిమింగలాలు మేసే చోట్లు, ఇవే వాళ్ల దారి గుర్తులు. ఇలా సముద్రాన్ని చదవడం నేర్చిన జనాన్ని, కొత్త సంగతి నేర్చుకోలేని మూర్ఖులని రాయడానికి చెయ్యెలా వచ్చిందో నాకు అర్థం కాదు.

వాళ్లు అక్కడ కొన్నాళ్లుండి చతికిలబడలేదు. నాలుగున్నర శతాబ్దాలు బతికారు. నేటి కకోర్తోక్ పరిసరాల్లో తూర్పు స్థావరం, నూక్ పరిసరాల్లో పశ్చిమ స్థావరం. రెండూ కలిపినా మనుషులు ఏ కాలంలోనూ రెండు మూడు వేలకు మించలేదని అంచనా. మన దగ్గర ఒక ఊరి జనాభా అది. అంత కొద్దిమంది, ధాన్యం అంతగా పండని చోట, ఓడకు సరిపడా చెట్టు మొలవని చోట, పదిహేను తరాలకు పైగా నిలిచారు. దాన్ని వైఫల్యం అని పిలిచేవాళ్లు విజయానికి ఏ కొలత పెట్టుకున్నారో చెప్పాలి.

ఇక తిండి. ఈ వాదన మొత్తం నిలబడినా పడిపోయినా ఇక్కడే. మనిషి తిన్నది ఎముకల్లో గుర్తు వేస్తుంది. సముద్రం నుంచి వచ్చిన తిండికీ నేల మీద పండిన తిండికీ కార్బన్ ఐసోటోపుల నిష్పత్తి వేరుగా ఉంటుంది. చర్చి ఆవరణల్లో పాతిపెట్టిన 27 మంది ఎముకల్ని పురావస్తు శాస్త్రవేత్త యెట్టె ఆర్నెబోర్గ్ బృందం పరీక్షించి 1999లో ఫలితం ప్రకటించింది. ఎరిక్ కాలంలో వాళ్ల తిండిలో సముద్రపు వాటా సుమారు 20 శాతం. పదిహేనో శతాబ్దం వచ్చేసరికి అది 80 శాతం దాకా పెరిగింది. 2012లో ఇంకా ఎక్కువ అస్థిపంజరాలతో, వాళ్లు పెంచిన, వేటాడిన జంతువుల ఎముకలతో కలిపి చేసిన అధ్యయనం కూడా అదే దిక్కు చూపించింది. పాలూ వెన్నా తినే రైతులుగా వచ్చినవాళ్ల మనవల మనవలు సముద్రం మీద బతికే జనమయ్యారు. తిండిని ఇంతగా మార్చుకున్న మరో మధ్యయుగపు యూరప్ సమాజం పేరు చెప్పమంటే నేను చెప్పలేను. మారలేదన్న నింద మోస్తున్నది మాత్రం వీళ్లే.

పెంటదిబ్బలూ అదే చెబుతున్నాయి. వెంట తెచ్చుకున్న పందుల్ని తొందరలోనే మానుకున్నారు. ఆవులు క్రమంగా పెద్ద కమతాలకే పరిమితమయ్యాయి. చిన్న రైతులు మేకల మీద, గొర్రెల మీద ఆధారపడ్డారు, ఎందుకంటే మేక పొదల ఆకులు తిని కూడా బతుకుతుంది. కారిబూ అనే అడవి దుప్పుల్ని వేటాడారు. అన్నిటికన్నా ఎక్కువగా సీళ్లు. వసంతం చివర్లో, కొట్టంలో ఎండుగడ్డి అయిపోయి, ఇంట్లో వెన్న అయిపోయి, పశువులింకా పాలివ్వని రోజుల్లో, వలస సీళ్ల మందలు తీరం వెంబడి వచ్చేవి. పడవల్లో అంతా కలిసి వెళ్లి వాటిని కట్టగట్టి పట్టేవాళ్లు. సముద్రం కంటికి కనపడని లోతట్టు ఇళ్ల పెంటదిబ్బల్లో కూడా సీల్ ఎముకలు గుట్టలుగా దొరికాయి. అంటే వేటకు పోయినవాళ్లు ఊరందరికీ పంచేవాళ్లు. ఏడాదిలో అన్నిటికన్నా గడ్డు వారాలకు ఇంతకన్నా తెలివైన ఏర్పాటు ఏముంటుంది?

మరి చేప? చేప ఎముకలు తక్కువే దొరికాయి, నిజమే. ఐస్‌లాండ్ దిబ్బల్లో దొరికినంత దొరకలేదు. కానీ అక్కడి నుంచి ఆకలి చావుకు ఎలా గెంతుతారు? కొద్దిమంది మనుషులు, కొద్ది పడవలు, కొద్ది నెలల వేసవి. ఆ వేసవిలోనే గడ్డి కోసి ఎండబెట్టాలి, సీళ్లు పట్టాలి, దుప్పుల్ని వేటాడాలి, ఉత్తరానికి వాల్రస్ అనే కోరల సముద్ర జంతువు వేటకు మనుషుల్ని పంపాలి. ఒక్క సీల్ ఇచ్చే కొవ్వూ మాంసమూ బోలెడు చేపలకు సమానం. పడవా మనిషీ ఎటు వెళ్లాలో తేల్చుకోవాల్సి వచ్చినప్పుడు వాళ్లు సీల్ వైపు వెళ్లారు. ఇది లెక్క తెలిసిన రైతు చేసే పని. దీన్ని చేప మీద మడికట్టుకోవడంగా చిత్రించడం, ఎముక దొరకనిచోట నిషేధాన్ని ఊహించుకోవడమే.

నేలను నాశనం చేసుకున్నారన్నది మరో అభియోగం. బిషప్ పీఠం ఉన్న గార్దర్‌లో, అంటే నేటి ఇగాలికులో, గడ్డి పొలాలకు నీళ్లు మళ్లించే కాలవలూ చిన్న ఆనకట్టలూ తవ్వకాల్లో బయటపడ్డాయి. పొలాలకు ఎరువు వేశారు. అదే ఇగాలికులో సరస్సు అడుగున పేరుకున్న ఒండ్రును పొరలు పొరలుగా పరీక్షించినవాళ్లు, నార్స్ కాలంలో, అంటే ఈ వైకింగుల కాలంలో, మట్టి కోత పెరిగిందనీ, కానీ ఇరవయ్యో శతాబ్దపు యంత్ర సేద్యం, గొర్రెల పెంపకం వచ్చాక జరిగిన కోత దానికన్నా చాలా ఎక్కువనీ తేల్చారు. మధ్యయుగపు రైతుకు ఉరిశిక్ష వేసేవాళ్లు ఈ రెండో సంగతి ఎత్తరు.

ఇంతగా సర్దుకున్నవాళ్లు ఎందుకు పోయారు మరి? ఆ జవాబు గ్రీన్‌లాండ్‌లో కన్నా నార్వే రేవు బెర్గెన్‌లో, పారిస్‌లో ఎక్కువగా ఉంది.

ఆ రోజుల్లో గ్రీన్‌లాండ్‌కు ఓడలు వచ్చేది వెన్న కోసం కాదు, వాల్రస్ దంతం కోసం. యూరప్ చర్చిల్లో శిలువలకూ పెట్టెలకూ, దొరల ఇళ్లలో చదరంగం పావులకూ అదే కావాలి. స్కాట్లాండ్‌లోని లూయిస్ దీవిలో 1831లో దొరికిన ప్రసిద్ధమైన చదరంగం పావులు చాలావరకు వాల్రస్ దంతంతో చెక్కినవే. వాల్రస్ తోలుతో పేనిన మోకులు ఓడలకు ప్రాణం. ఆ జంతువు వాళ్ల పొలాల పక్కన దొరికేది కాదు. పశ్చిమ స్థావరం నుంచే ఐదారువందల కిలోమీటర్లు, తూర్పు స్థావరం నుంచైతే ఇంకా చాలా ఎక్కువ దూరం ఉత్తరానికి, డిస్కో అఖాతం దాకా చిన్న పడవల్లో తెడ్లు వేసుకుంటూ వెళ్లాలి. మంచు విడిచిన కొద్ది వారాల్లో వెళ్లి, టన్ను బరువుండే జంతువును చంపి, కోరలున్న ముట్టె వరకు నరికి పడవలో వేసుకుని, చలి కమ్మకముందే వెనక్కి రావాలి. ప్రతి ఏడాదీ. నన్నడిగితే, వైకింగుల సముద్రయానంలో అమెరికా తీరం తాకడం కన్నా గొప్ప ఘనత ఇది. ఒకసారి గాలికి కొట్టుకుపోయి కొత్త నేల చూడటం వేరు, తరాల తరబడి అదే ప్రాణాంతకమైన దారిలో జీవనోపాధి కోసం వెళ్లిరావడం వేరు.

పోప్‌కు చెల్లించాల్సిన దశమభాగం కింద గ్రీన్‌లాండ్ బిషప్ ప్రాంతం పంపిన వాల్రస్ దంతం 1327లో బెర్గెన్‌లో తూచారు. ఆరున్నర క్వింటాళ్లకు పైనే. అంటే వందల జంతువులు. ఆ కొద్దిమంది జనం మీద పడిన భారం ఎంతో ఈ ఒక్క తూకం చెబుతుంది. యూరప్ మ్యూజియాల్లో ఉన్న వాల్రస్ ముట్టెల నుంచి డీఎన్‌ఏ తీసి 2018లో ప్రకటించిన ఫలితం ప్రకారం, 1120ల తరవాతి నమూనాలు దాదాపు అన్నీ గ్రీన్‌లాండ్ వైపు జాతివే. కీవ్ నగరంలో దొరికిన వాటిలో కూడా కొన్ని అక్కడివే. ఒక మూలనున్న రెండు వేలమంది ఖండం మొత్తానికి సరుకు అందించారు. 2020లో వచ్చిన మరో అధ్యయనం ఈ కథలోని విషాదాన్ని బయటపెట్టింది. కాలం గడిచేకొద్దీ ముట్టెలు చిన్నవవుతూ వచ్చాయి, ఆడ జంతువులవి ఎక్కువయ్యాయి, ఇంకా ఇంకా ఉత్తరాన వేటాడినవి కనిపించాయి. దగ్గరలోని మందలు తరిగిపోతే వాళ్లు ఇంకా దూరం పోయారు.

అంత దూరం పోయి తెచ్చినదానికి గిరాకీ పడిపోయింది. పదమూడో శతాబ్దంలో ఆఫ్రికా ఏనుగు దంతం పారిస్ శిల్పుల చేతికి దండిగా అందింది. పెద్దది, తెల్లనిది, లోపలిదాకా నున్ననిది. వాల్రస్ దంతం మోటు సరుకైంది. 1349లో ప్లేగు నార్వేలో దిగి సగం మందినో అంతకు మించో తీసుకుపోయింది. పన్ను కట్టేవాడు పోయాడు, ఓడ కట్టేవాడు పోయాడు, నడిపేవాడు పోయాడు. బెర్గెన్ వర్తకం జర్మన్ వర్తకుల చేతిలో ఎండు చేపల చుట్టూ తిరగసాగింది. గ్రీన్‌లాండ్‌కు ఓడలు అరుదయ్యాయి. 1261లో గ్రీన్‌లాండ్‌వాళ్లు నార్వే రాజుకు లోబడి పన్ను కట్టడానికి ఒప్పుకున్నారు. శతాబ్దం తిరిగేసరికి ఆ రాజ్యమే వాళ్ల వైపు చూడటం మానేసింది. దీనిలో వాళ్ల మొండితనం ఎక్కడుంది? బెర్గెన్ రేవులో ధర పడిపోవడాన్ని డిస్కో అఖాతంలో పడవ వేసుకున్న మనిషి ఏ సర్దుబాటుతో ఆపగలడు?

ఇన్యూట్ల నుంచి నేర్చుకోలేదన్న మాట దగ్గర ఇంకొంచెం ఆగాలి. ఇది అన్నిటికన్నా తేలిగ్గా నోటికొచ్చే అభియోగం. ఇన్యూట్లు గ్రీన్‌లాండ్ వాయవ్యానికి వచ్చింది 1200 ప్రాంతంలో, అంటే నార్స్ జనం స్థిరపడ్డ రెండు శతాబ్దాల తరవాత. ఇద్దరి మధ్య రాకపోకలు లేవన్నది కూడా నిజం కాదు. కెనడా ఉత్తరపు కొసనున్న ఎల్స్‌మియర్ దీవి పక్కనున్న స్క్రేలింగ్ దీవిలో ఇన్యూట్ ఇళ్ల శిథిలాల్లో ఓడ మేకులు, ఉన్ని గుడ్డ ముక్క, ఇనప కవచపు కడియాలు దొరికాయి. ఉత్తర ధ్రువానికి అంత దగ్గర దాకా నార్స్ వేటగాళ్లు వెళ్లి ఉంటారనీ, అక్కడ ఇన్యూట్లతో మారకం జరిగి ఉంటుందనీ 2024లో వచ్చిన డీఎన్‌ఏ అధ్యయనం వాదించింది.

అయినా ఇన్యూట్ల తోలు పడవ కయాక్ కట్టుకోలేదు కదా అంటారు. కయాక్ అంటే ఒక పనిముట్టు మాత్రమే కాదు. పసితనం నుంచి ఒంటరిగా నీటి మీద పెరిగిన ఒళ్లు, దానికి సరిపడా కుట్టిన తోలు బట్టలు, వేట మీదే నడిచే కుటుంబం, స్థిరమైన మంచు ఉన్నచోటికి ఇల్లు కదిలించుకోగల స్వేచ్ఛ, అన్నీ కలిస్తే ఆ జీవితం. నార్స్ వేట మరో రకం: చెక్క పడవలు, వలలు, పదిమంది కలిసిన వరస. ఇద్దరూ తమ తమ పద్ధతిలో సీల్ తిన్నారు. ఒకరి పద్ధతి మరొకరిది కాకపోవడం అహంకారం కాదు. అలా అనేవాళ్లు నిజానికి అడుగుతున్నది, పొలాన్నీ పశువునూ భాషనూ దేవుణ్నీ వదిలేసి వేరే జనంగా ఎందుకు మారిపోలేదని. ఆ ప్రశ్న ఏ సమాజాన్నైనా అడగవచ్చు, ఏ సమాజమూ జవాబివ్వలేదు. వంటల్లో, పనుల్లో, దారుల్లో ఎంతైనా మారతారు మనుషులు. తామెవరో మర్చిపోవడాన్ని మార్పు అనరు.

చర్చిల మాటా అంతే. తూర్పు స్థావరంలోని హ్వాల్సీలో చర్చి రాతి గోడలు ఇప్పటికీ నిలబడి ఉన్నాయి. వాటిని చూసి వృథా ఖర్చు అనడం సులువు. కానీ బిషప్ లేకపోతే నార్వే నుంచి ఓడకు ఉన్న కారణాల్లో ఒకటి పోతుంది. చర్చి ఆ జనానికి పూజ గది మాత్రమే కాదు, బయటి ప్రపంచంతో ఉన్న ఒప్పందం.

ఇక సముద్రమే ఎదురు తిరిగిన సంగతి. పదమూడో శతాబ్దం మధ్య నుంచి చలి ముదిరింది. మంచు పొరల్లో చిక్కిన సముద్రపు ఉప్పును బట్టి చూస్తే పదిహేనో శతాబ్దం మొదట్లో తుపానులు పెరిగాయి. మంచుపలక బరువుకు నేల కుంగి, స్థావరాల కాలమంతటిలో అక్కడి సముద్ర మట్టం కొన్నిచోట్ల 3.3 మీటర్ల దాకా పెరిగి ఉంటుందని 2023లో ఒక పరిశోధన లెక్క కట్టింది. తీరం పక్కనున్న గడ్డి బయళ్లు నీళ్లపాలయ్యాయి. ఇక్కడ ఒక క్రూరమైన మెలిక ఉంది. పొలం దెబ్బతిన్నకొద్దీ వాళ్లు సముద్రం వైపు ఎక్కువగా తిరిగారు, సరిగ్గా సముద్రం ప్రమాదకరమవుతున్న రోజుల్లో. ఒక ఊళ్లో బలమైన మగవాళ్లు పట్టుమని పాతికమంది ఉన్నప్పుడు, సీళ్ల వేటకు పోయిన రెండు పడవలు గాలివానలో మునిగితే ఆ ఊరు మళ్లీ లేవదు. మారకపోవడం వాళ్లని చంపలేదు, మారిన దారిలోనే ప్రమాదం ఎదురొచ్చింది. డైమండ్ కథకి ఇది పూర్తిగా తలకిందులు.

ఎదుటివాళ్ల చేతిలో ఒక గట్టి సాక్ష్యం ఉంది, దాన్ని దాటేయను. పశ్చిమ స్థావరంలోని ఒక ఇంటి చివరి పొరలో ఆవుల గిట్టలు, కత్తి గాట్లున్న వేటకుక్క ఎముకలు దొరికాయి. వేటకుక్కను తిన్నారంటే అక్కడ చివరి శీతాకాలం భయంకరంగా గడిచిందనే అర్థం. అది కాదనను. కానీ అది ఒక ఇల్లు, ఒక చలికాలం, రెండింటిలో చిన్నదైన స్థావరం. పద్నాలుగో శతాబ్దం మధ్యలో గార్దర్ నుంచి వెళ్లి చూసిన ఈవర్ బార్దర్సన్ కథనంలో ఆ స్థావరంలో మనుషులు లేరు, ఆవులూ గొర్రెలూ మాత్రం తిరుగుతున్నాయి. ఆకలితో అందరూ చచ్చిన చోట పశువులు మిగలవు. తూర్పు స్థావరం ఆ తరవాత ఇంకో వందేళ్లు నడిచింది. అక్కడ మూకుమ్మడి ఆకలి చావుల గుర్తు ఒక్కటీ దొరకలేదు.

గ్రీన్‌లాండ్‌వాళ్ల మీద నింద వేయడం డైమండ్‌తో మొదలవలేదు. 1721లో హన్స్ ఎగెడె అనే పాదిరి వాళ్ల వారసుల్ని వెతుక్కుంటూ వచ్చి, శిథిలాలే చూశాడు. 1921లో పురావస్తు శాస్త్రవేత్త పోల్ నోర్లుండ్ తూర్పు స్థావరంలోని హెర్యోల్ఫ్స్‌నెస్ శ్మశానంలో తవ్వి, గడ్డకట్టిన నేలలో చెక్కుచెదరని ఉన్ని బట్టలు బయటికి తీశాడు. అక్కడి ఎముకలు చూసిన శరీర శాస్త్రవేత్త హన్సెన్, వాళ్లు రక్తసంబంధ వివాహాలతో, పోషకాహారం లేక క్షీణించిపోయిన జాతి అని 1924లో తేల్చేశాడు. తరవాతి పరిశోధకులు ఆ ఎముకల్నే మళ్లీ చూసి ఆ మాటకు ఆధారం లేదన్నారు. ఒక కాలంలో వాళ్ల రక్తంలో లోపం చూపించారు, మరో కాలంలో వాళ్ల బుద్ధిలో చూపించారు. రెండుసార్లూ తప్పు బాధితుడిదే అయింది. ఈ అలవాటు నాకు కోపం తెప్పిస్తుంది, ఎందుకంటే ఇది మధ్యయుగంతో ఆగదు. పొలం మునిగినవాళ్లని, తీరం కోసుకుపోయినవాళ్లని చూసి, ముందే ఎందుకు మారలేదని అడిగే గొంతు ఇదే. పెట్టుబడి ఎక్కడ ఆగింది, ధర ఎవరు తగ్గించారు, ఓడ ఎందుకు రాలేదు అన్న ప్రశ్నలు ఆ గొంతుకి రావు.

వాళ్లకు ఓడ నడపడం కూడా చేతకాకుండా పోయిందని కొందరంటారు. 1347లో ఐస్‌లాండ్ వార్షిక వృత్తాంతాల్లో ఒక నమోదు ఉంది: మార్క్‌లాండ్ వెళ్లి వస్తున్న గ్రీన్‌లాండ్ ఓడ ఒకటి గాలికి కొట్టుకొచ్చి ఐస్‌లాండ్ చేరింది, అందులో 17 మంది ఉన్నారు. మార్క్‌లాండ్ అంటే నేటి లాబ్రడార్ తీరం. న్యూఫౌండ్‌లాండ్‌లోని లాన్స్ ఓ మెడోస్‌లో నార్స్ గొడ్డలి పడిన చెట్టును 1021లో నరికారని 2021లో రుజువైంది. ఆ గొడ్డలి పడిన మూడు శతాబ్దాల తరవాత కూడా, కలప కోసమే కావచ్చు, అమెరికా తీరానికి వెళ్లివస్తున్నారు.

గ్రీన్‌లాండ్ నార్స్ జనం గురించి మిగిలిన చివరి లిఖిత నమోదు ఒక పెళ్లిది. 1408 సెప్టెంబరులో హ్వాల్సీ చర్చిలో తోర్‌స్టైన్ ఓలాఫ్సన్‌కూ బ్యోర్న్ కూతురు సిగ్రిడ్‌కూ పెళ్లయింది. మూడు ఆదివారాలు ముందుగా చర్చిలో ప్రకటించి, సాక్షుల మధ్య, పద్ధతి ప్రకారం చేశారు. ఆ దంపతులు 1410లో ఓడెక్కారు, తరవాత ఐస్‌లాండ్‌లో కాపురం పెట్టారు. పెళ్లి సక్రమంగానే జరిగిందని ఐస్‌లాండ్‌లో రాయించుకున్న వాంగ్మూలాల వల్లే ఇదంతా మనకు తెలుసు. 1402 నుంచి 1404 దాకా ప్లేగు ఐస్‌లాండ్‌ను ఊడ్చేసింది. అక్కడ పొలాలు దిక్కులేక పడి ఉన్నాయి, పని చేసే చేతులు కావాలి. గ్రీన్‌లాండ్ యువతకు ఇంతకన్నా పిలుపు ఏం కావాలి? ఓడ దొరికినవాళ్లు దొరికినట్టు వెళ్లారని నేను నమ్ముతున్నాను. తూర్పు స్థావరం ఇళ్లలో విలువైన వస్తువులు మిగల్లేదు. చర్చి పాత్రలు లేవు. హడావుడిగా చచ్చిన ఊళ్లో అవి పడి ఉండాలి. సర్దుకుని వెళ్లిన ఊళ్లోనే ఉండవు. ముందు పడుచువాళ్లు, తరవాత పిల్లలున్నవాళ్లు, ఆఖరికి కదల్లేని ముసలివాళ్లు మిగిలి, తమ వాళ్ల పక్కన తాము కూడా పూడ్చబడి ఉంటారు. ఊరు ఖాళీ అయితే ఊరివాళ్లంతా చచ్చారని ఎవరూ అనరు. వీళ్ల విషయంలో మాత్రం అదే అన్నారు, అదే అచ్చు వేశారు, అదే పిల్లలకు చెబుతున్నారు. ఆ పాఠం నుంచి ముట్టని చేపను తీసేసి, 80 శాతం సముద్రపు తిండినీ, బెర్గెన్‌లో పడిపోయిన ధరనూ, 1410లో బయల్దేరిన ఓడనూ చేర్చాలి.